నీల్ దర్పణ్‌లో నీలిమొక్క

1

మన సాహిత్యంలో చెట్టుకూ చేమకూ కరువు లేదు. ప్రబంధకవికి ఉద్యానవన విహారం లేనిదే కావ్యం పూర్తికాదు. అష్టాదశ వర్ణనల్లో దానికొక స్థానం ముందే ఏర్పాటై ఉంది. భావకవి పూవును చూసి తన్మయుడయ్యాడు. ఆకుతో, కొమ్మతో, సెలయేటితో ఏకమైపోవాలని ఉవ్విళ్ళూరాడు. ఈనాటి పర్యావరణ కవి చెట్టు కొట్టేసిన మనిషిని శపిస్తున్నాడు. మూడు కాలాల కవులు, మూడు రకాల దృష్టులు. అయినా చాలావరకు ముగ్గురూ ఒక ప్రశ్నను దాటవేశారు. ఆ మొక్కను నాటినవాడెవడు? నాటమన్నవాడెవడు? కోసుకుపోయినవాడెవడు?

ఈ ప్రశ్న అడగకుండా మొక్కకూ మనిషికీ గల సంబంధాన్ని గురించి ఎంత రాసినా అది సగం మాటే అవుతుంది. గట్టుమీది గరిక తనంతట తాను మొలుస్తుంది. పొలంలోని వరి అలా మొలవలేదు. వేల ఏళ్ళపాటు తరతరాల రైతులు గింజను ఏరి, దాచి, మళ్ళీ చల్లి, ఇవాళ మనం చూసే వరిని తయారుచేశారు. అంటే పంటమొక్క సగం ప్రకృతి, సగం శ్రమ. శ్రమ వచ్చిన చోటికి దానిమీద పెత్తనమూ వస్తుంది. పెత్తనం వచ్చిన చోటికి అప్పూ, కాగితమూ, కోర్టూ, కొరడా వస్తాయి. అప్పుడు మొక్కను గురించి రాయటమంటే ఈ మొత్తాన్ని గురించి రాయటమే.

ఈ మాటకు నిదర్శనంగా వంగదేశపు నాటకం ‘నీల్ దర్పణ్’ను తీసుకుంటున్నాను. 1860లో ఢాకాలో అచ్చయిన ఈ నాటకాన్ని మన విమర్శకులు సాధారణంగా జాతీయోద్యమ చరిత్రలో ఒక ఘట్టంగా పేర్కొని వదిలేస్తారు. సాహిత్య విద్యార్థి దానిని మరొక విధంగా కూడా చదవాలని నా అభిప్రాయం. ఒక మొక్క పేరునే తన పేరుగా పెట్టుకుని, ఆ మొక్క అందాన్ని వర్ణించకుండా, అది మనుషుల మధ్య ఏమి చేసిందో చెప్పిన నాటకమిది. ఆ పనిలో అది ఎంతవరకు నెగ్గింది, ఎక్కడ ఆగిపోయింది అన్నది ఈ వ్యాసంలో పరిశీలిస్తాను.

2

ముందు మొక్క సంగతి. నీలిచెట్టు చిక్కుడు కుటుంబానికి చెందిన చిన్న పొద. ఆకు పచ్చగానే ఉంటుంది. అందులో నీలం కంటికి కనపడదు. కోసిన మండలను కట్టలుకట్టి తొట్టిలో వేసి, పది పన్నెండు గంటలు నీటిలో నానబెట్టి పులియనిస్తారు. ఆ నీటిని కింది తొట్టిలోకి వదులుతారు. అక్కడ కూలీలు నడుములోతు నీళ్ళలో నిలబడి తెడ్లతో బాదేవారు. గాలి తగిలిన కొద్దీ నీటి రంగు మారి, నీలం నలుసులుగా అడుగుకు దిగుతుంది. దాన్ని కాచి, వడగట్టి, అదిమి, బిళ్ళలుగా కోసి ఆరబెట్టేవారు. ఆ బిళ్ళలే పెట్టెల్లోకెక్కి కలకత్తా రేవునుంచి లండనుకు పోయేవి. ఆకులో దాగి ఉన్నదాన్ని రంగుగా పైకి తెచ్చింది ఆ కూలీల చేతులు.

ఈ విద్య మనకు ఎవరో వచ్చి నేర్పింది కాదు. ‘ఇండిగో’ అన్న మాటే భారతదేశపు సరుకు అన్న అర్థంలో గ్రీకు, లాటిను భాషల మీదుగా వచ్చింది. మచిలీపట్నం కలంకారీ అద్దకంలో ఎరుపుకు చిరివేరు ఎటువంటిదో నీలానికి నీలిమందు అటువంటిది. పందొమ్మిదో శతాబ్దంలో కడప, కర్నూలు, నెల్లూరు జిల్లాల్లో నీలి బాగా పండేది. మన భాషలో పుకారుకు ‘నీలివార్త’ అన్న పేరుంది. నీలికాగు సరిగా కుదరకపోతే, ఒక అబద్ధపు వార్త పుట్టిస్తే కుదురుకుంటుందని అద్దకందార్లకు నమ్మకం ఉండేదంటారు. మొక్క మనిషి నిత్యజీవితంలో కలిసిపోతే ఇలా నుడికారంలోకి కూడా దిగుతుంది.

ఇంకొక సంగతి గమనించాలి. నీలి నేలను చెరిచే మొక్క కాదు. చిక్కుడు జాతి మొక్కల వేళ్ళమీది బుడిపెల్లో ఉండే సూక్ష్మజీవులు గాలిలోని నత్రజనిని పట్టి నేలకు చేరుస్తాయి. మన రైతులు పచ్చిరొట్టగా దున్నే జనుము, పిల్లిపెసర, వెంపలి ఈ జాతివే. నీలి నానబెట్టిన తరువాత మిగిలే పిప్పి కూడా మంచి ఎరువే. నేలకు మేలు చేసే ఈ మొక్క పేరు చెబితే వంగదేశపు రైతు ఎందుకు వణికిపోయాడు? జవాబు వృక్షశాస్త్రంలో దొరకదు. దానికి కుఠీ లెక్కల పుస్తకం తెరవాలి.

3

ఇంగ్లండులో బట్టల మిల్లులు పెరిగేకొద్దీ నీలానికి గిరాకీ పెరిగింది. అంతకు ముందు యూరపుకు నీలం సరఫరా చేసినవాటిలో కరీబియన్ దీవుల తోటలు ముఖ్యమైనవి. వాటిలో పనిచేసింది ఆఫ్రికా బానిసలు. 1791లో సెయింట్ డొమింగ్‌లో బానిసలు తిరగబడ్డారు. ఆ తోటల పని ముగిసింది. అదే కాలంలో వంగదేశంలో నీలిసాగు జోరందుకుంది. ఒకచోట మనిషికి స్వేచ్ఛ వచ్చేసరికి ఆ మొక్క మరొక చోట మనిషిని వెతుక్కుంది. మొక్కకు కాళ్ళులేవు, దాన్ని తీసుకొచ్చింది పెట్టుబడి.

వంగదేశంలో దొరలు రెండు రకాలుగా నీలి పండించారు. మొదటిది ‘నిజ్’: తన భూమిలో తన కూలీలతో పండించటం. దీనికి అరకలు కావాలి, ఎడ్లు కావాలి, సరిగ్గా వరిపనులు ముమ్మరంగా ఉన్న రోజుల్లో కూలీలు కావాలి. అందువల్ల దొరకు అది కిట్టేది కాదు. రెండోది ‘రయతీ’: రైతు భూమిలో, రైతు అరకతో, రైతు కష్టంతో పండించటం. సాగులో అత్యధిక భాగం ఇదే. ఇందులో దొర పెట్టేది ‘దాదన్’, అంటే బయానా. బిఘాకు సాధారణంగా 2 రూపాయలు. రైతు సంతకమో వేలిముద్రో పెట్టాక అందులోంచే విత్తనాల ఖర్చు, స్టాంపు కాగితం ఖర్చు, అమీను మామూలు పోయేవి. పంట వచ్చాక దాని ధర కట్టేది దొర. కట్టలు కొలిచే గొలుసు దొరది. లెక్క రాసే గుమాస్తా దొరవాడు. సంవత్సరాంతానికి రైతు ఖాతాలో బాకీ మిగిలేది. ఆ బాకీ తండ్రినుంచి కొడుక్కు వచ్చేది.

దొర అడిగింది ఏదో ఒక చెక్క కాదు, మేలైన భూమి. వరి పండే భూమి, పొగాకు పండే భూమి. ధర ఎంతో తెలియని పంటకోసం తిండిగింజలు పండే నేలను వదులుకోవాలి. వరద వచ్చి పంటపోతే నష్టం రైతుది, బాకీ కూడా రైతుదే. మొక్కకు ధర కట్టేవాడు, అప్పు ఇచ్చేవాడు, కొలిచేవాడు, అవసరమైతే తీసుకెళ్ళి గోదాములో పెట్టి కొట్టేవాడు ఒకడే అయినప్పుడు రైతు స్వేచ్ఛగా ఒప్పందం చేసుకున్నాడని అనటం ఎగతాళి.

1859లో నదియా జిల్లాలో మొదలై వేలాదిమంది రైతులు ఇక నీలి విత్తమని తేల్చి చెప్పారు. చౌగాఛా గ్రామానికి చెందిన విష్ణుచరణ్ బిశ్వాస్, దిగంబర్ బిశ్వాస్ మొదట్లో ముందు నిలిచారు. కుఠీల మనుషులను రైతులు ఈటెలతో, విల్లమ్ములతో ఎదిరించారు. ఆడవాళ్ళు కుండలు, గిన్నెలు పట్టుకుని పోరాటంలో దిగారు. ప్రభుత్వం 1860లో ముందు ఒక తాత్కాలిక చట్టం తెచ్చి ఒప్పందం తప్పిన రైతును నేరస్థుణ్ణి చేసింది. తరువాత విచారణ సంఘం వేసింది. మనిషి నెత్తురు మరక పడకుండా ఒక్క నీలిపెట్టె కూడా ఇంగ్లండు చేరలేదన్న మాటను, ఫరీద్‌పూర్‌లో మెజిస్ట్రేటుగా పనిచేసిన డీ లటూర్ అనే ఇంగ్లీషు అధికారి ఆ సంఘం ముందు తన మాటగా ఒప్పుకున్నాడు. ‘హిందూ పేట్రియట్’ సంపాదకుడు హరీశ్చంద్ర ముఖర్జీ రైతుల పక్షాన నిలిచి రాసి రాసి 1861లో నలభై ఏళ్ళయినా నిండకుండానే కన్నుమూశాడు. ఈ నాటకం పుట్టింది ఈ వేడిలోనే.

4

నాటకకర్త దీనబంధు మిత్ర (1830-1873) తపాలాశాఖ ఉద్యోగి. తనిఖీలమీద నీలి జిల్లాలన్నీ తిరిగి కళ్ళారా చూసినవాడు. సర్కారు నౌకరు గనక పుస్తకంమీద పేరు వేసుకోలేదు. ఎవరో ఒక బాటసారి రాసినట్టు ప్రకటించాడు.

కథ స్థూలంగా ఇది. స్వరపురంలో గోలోక్ బసు కలిగిన గృహస్థు. పెద్దకొడుకు నవీన్‌మాధవ్ రైతులకు అండగా నిలుస్తాడు. చిన్నకొడుకు బిందుమాధవ్ చదువుకుంటున్నాడు. పొరుగున సాధుచరణ్, అతని తమ్ముడు రాయ్‌చరణ్ వ్యవసాయం చేసుకుని బతుకుతారు. కుఠీ దొరలు ఇద్దరు: వుడ్, రోగ్. రెండోవాడి పేరు ఇంగ్లీషులో దుర్మార్గుడు, మన భాషల్లో జబ్బు. నవీన్‌ను లొంగదీయటానికి అతని ముసలి తండ్రిమీద తప్పుడు కేసు పెడతారు. గోలోక్ జైలులో ఉరివేసుకుంటాడు. సాధుచరణ్ కూతురు క్షేత్రమణి గర్భవతి. ఆమెను రోగ్ దగ్గరకు పట్టుకుపోతారు. నవీన్, తోరాప్ అనే ముస్లిం రైతు కలిసి ఆమెను విడిపిస్తారు కాని, తగిలిన దెబ్బలకు ఆమె చనిపోతుంది. వుడ్ కొట్టిన దెబ్బతో నవీన్ చనిపోతాడు. తల్లి సావిత్రికి మతి చలించి, చిన్నకోడలు సరళతను తన చేతులతోనే చంపి, స్పృహ వచ్చాక తానూ ప్రాణం విడుస్తుంది. అయిదో అంకం ముగిసేసరికి ఒక ఇల్లు ఇల్లంతా శ్మశానమవుతుంది.

మొదటి రంగంలోనే నాటకకర్త రెండు రకాల మొక్కలను ఎదురెదురుగా నిలబెట్టాడు. ఊరు వదిలి పోదామని సాధుచరణ్ అంటాడు. గోలోక్‌కు మనసొప్పదు. తన పొలంలో బియ్యం, పప్పు, నూనెగింజలు, బెల్లం, పెరట్లో కూర, చెరువులో చేప, అన్నీ ఉన్న ఇల్లు తనది. దాన్ని ఎలా వదలటం? ఈ పంటలన్నిటికీ ఇంట్లో ఒక చోటుంది: గాదె, కుండ, పొయ్యి. నీలికి అటువంటి చోటు లేదు. దాన్ని తినలేరు, దాచలేరు, పొరుగువాడికి బదులివ్వలేరు. అది ఇంటిని తాకకుండా పొలంనుంచి కుఠీకి పోతుంది. పోయిన ఏడు వేసినదానికి లెక్క తేలలేదు. ఈ ఏడు ఇంకా ఎక్కువ వెయ్యమని హుకుం. తిండిమొక్కకూ సరుకుమొక్కకూ గల భేదాన్ని అర్థశాస్త్ర పరిభాష ఏమీ లేకుండా ఒక ముసలాయన గృహవర్ణనలో చూపించాడు నాటకకర్త. నాటకం మొత్తంలో నీలి ఎంత పచ్చగా ఏపుగా ఎదిగిందో వర్ణించే మాట కోసం వెతికితే దొరకదు. వంగదేశపు నదీతీరాన్ని ఎరిగిన కవికి ఆ వర్ణన చేతకాక కాదు. అక్కడి మనుషులకు ఆ మొక్క అందంగా కనిపించే అవకాశం లేదు. ఆ మౌనాన్ని నేను ఈ నాటకం గుణాల్లో ఒకటిగా లెక్కిస్తాను.

నీలి నాటకంలో కనిపించేది మొక్కగా కాదు, గుర్తుగా. అమీను వచ్చి, ఫలానా పొలం నీలికి అని గుర్తుపెట్టి పోతాడు. రాయ్‌చరణ్ ఏడుపు ఆ గుర్తును చూసే. పొలంలో విత్తనం ఇంకా పడలేదు. అయినా ఆ పొలం అప్పుడే అతనిది కాకుండా పోయింది. ఇక్కడ నాటకకర్త చేసిన పని ఒకటి ఉంది. దాన్ని విమర్శకులు గట్టిగా పట్టించుకోవలసింది. పొలానికి గుర్తుపెట్టిన అమీనే సాధుచరణ్ ఇంటికి వచ్చి క్షేత్రమణిని చూస్తాడు. ఈ పిల్లను దొరకు అప్పగిస్తే తన ఉద్యోగానికి లాభమని అప్పుడే అక్కడే లెక్క వేసుకుంటాడు. పొలాన్ని చూసిన కన్నే ఆడపిల్లను చూసింది, ఒకే కొలత. తన కడుపు నిండటానికి ఎదుటివాడి మేలైనదాన్ని ఎంచుకోవటం కుఠీకి అలవాటు. అది నేల అయినా ఒకటే, మనిషి అయినా ఒకటే. ఈ రెండిటినీ కలిపే ఉపన్యాసమేదీ నాటకంలో లేదు. ఒకే పాత్రచేత ఒకే సందర్భంలో చేయించాడు, అంతే. నాటకం చెయ్యవలసిన పని ఇదే.

5

గుణాలు చెప్పిన తరువాత లోపాలు దాచటం విమర్శ కాదు. ఈ నాటకానికి పెద్ద లోపమే ఉంది.

నాటకకర్త తన పీఠికలో విక్టోరియా రాణి దయను, గవర్నర్ జనరల్ కానింగ్, లెఫ్టినెంట్ గవర్నర్ గ్రాంటుల న్యాయబుద్ధిని నమ్ముకున్నాడు. చెడ్డ దొరలు కొందరు, మంచి దొరలు కొందరు. మంచివాళ్ళకు సంగతి తెలిస్తే రైతు కష్టం తీరుతుంది. ఈ నమ్మకం పీఠికలోనే ఆగిపోతే అదొక జాగ్రత్త అనుకునేవాళ్ళం. అది నాటకం కట్టడంలోకే దిగింది. ఊళ్ళకు ఊళ్ళు విత్తనం ముట్టమని నిలబడిన 1860లో ఈయన రంగంమీద చూపించింది రైతుల నిరాకరణను కాదు, ఒక మర్యాదగల కుటుంబం నాశనాన్ని. ఏడవటానికి ప్రేక్షకుడికి కావలసినంత ఉంది. నేర్చుకోవటానికి తక్కువ ఉంది. గోలోక్ ఇంటి సమృద్ధి కూడా ఆకాశంనుంచి ఊడిపడింది కాదు. 1793 శాశ్వత శిస్తు పద్ధతి కింద ఆ పల్లెల్లో జమీందారు ఉన్నాడు, వడ్డీ వ్యాపారి ఉన్నాడు. నీలి రాకముందు ఊరంతా బంగారంలా ఉండేదన్న చిత్రంలో వాళ్ళు కనపడరు.

రణజిత్ గుహా 1974లో ఈ నాటకంమీద రాసిన ప్రసిద్ధ వ్యాసంలో దీన్ని ఉదారవాది అద్దంలో కనిపించిన రైతు తిరుగుబాటుగా తేల్చాడు. మధ్యతరగతి తన ముఖాన్నే ఆ అద్దంలో చూసుకుందన్నది ఆయన వాదసారాంశం. దీన్ని కాదనటానికి వీల్లేదు. తోరాప్ వంటి వాడుకూడా రైతుల పక్షాన నిలిచేది నవీన్‌బాబు మీది విశ్వాసంతోనే. నాటకకర్త ఊహలో రైతుకు ఒక పెద్దమనిషి నీడ తప్పనిసరి.

అయితే గుహా తీర్పుతో చర్చ ముగిసిందని నేను అనుకోను. రచయిత అభిప్రాయం వేరు, రచన చూపించేది వేరు. దీనబంధు పెద్దమనుషులచేత సంస్కృతం నిండిన గ్రాంథికం మాట్లాడించాడు. నవీన్, సైరింధ్రి దుఃఖంలో ఉన్నప్పుడు కూడా సమాసాలు వదలరు. అందుకే వాళ్ళ దుఃఖం ఇవాళ మనకు అంటదు. తోరాప్, రాయ్‌చరణ్, రేవతి, దాసీ ఆదురి తమ పల్లె మాటల్లో మాట్లాడతారు. వాళ్ళు నోరు విప్పగానే రంగం బతుకుతుంది. బంకించంద్రుడు కూడా ఈ సంగతి గమనించాడు. తోరాప్ భాషను శుభ్రం చేస్తే తోరాప్ మిగలడన్న అర్థం వచ్చేట్టు రాశాడు. మన ‘కన్యాశుల్కం’ మొదటిసారి ప్రదర్శితమైంది 1892లో, అచ్చయింది 1897లో. గురజాడ పాత్రకు తగిన వాడుకభాషను సిద్ధాంతంగా నిలబెట్టాడు. దానికి ముప్ఫై ఏళ్ళ ముందు దీనబంధు సగం నాటకంలో అదే చేశాడు. ఏ సగంలో? శ్రమచేసే మనుషుల సగంలో. రచయిత సానుభూతి పెద్ద ఇంటివైపు ఉన్నా, చెవి మాత్రం పొలంవైపు ఉంది. మొక్కకు దగ్గరగా ఉన్నవాళ్ళ భాషే నాటకంలో నిజమైన భాషగా మిగిలింది. కుఠీ గోదాములో బందీలైన రైతులు తమలో తాము చెప్పుకునే మాటలు చదివితే, పీఠికలోని రాణీగారి దయ ఎంత దూరపు వస్తువో తెలిసిపోతుంది. పీఠికను ఓడించింది ఆ నాటకమే.

అద్దంలో గుహా చూసిన ముఖం నిజమే. అద్దం పగిలినచోట మరొక ముఖంకూడా కనిపిస్తుందని మాత్రమే నా వాదన. దాని ముక్కు కొరికి చేతిలో పెట్టినవాడు తోరాప్. కొరికించుకున్నవాడు వుడ్ దొర. ఆనాటి ప్రేక్షకులు ఆ ఘట్టాన్ని మరచిపోలేదు.

6

పాలకులు కూడా మరచిపోలేదు. ఈ నాటకం ఇంగ్లీషులోకి రాగానే దానిని ప్రచురించిన క్రైస్తవ మతాచార్యుడు జేమ్స్ లాంగ్‌మీద పరువునష్టం కేసు పడింది. అనువాదం చేసింది మైకేల్ మధుసూదన దత్తు అని చాలాకాలంగా చెప్పుకుంటున్నారు గాని, దానిమీద భిన్నాభిప్రాయాలున్నాయి. పుస్తకంమీద అనువాదకుడి పేరు లేదు. లాంగ్ ఎవరి పేరూ బయటపెట్టలేదు. 1861 జూలైలో కలకత్తా సుప్రీం కోర్టు ఆయనకు నెలరోజుల ఖైదు, 1000 రూపాయల జరిమానా వేసింది. జరిమానా సొమ్ము కాళీప్రసన్న సింహ అక్కడికక్కడే కట్టాడు. నీలి విచారణ సంఘానికి అధ్యక్షత వహించిన సీటన్-కార్ ఈ అనువాదం ప్రతులు సర్కారు తపాలాలో పంపించినందుకు పదవి వదులుకోవలసి వచ్చింది. దొరల దృష్టిలో ఇది నీలివార్త. విచారణ సంఘం నివేదిక చూస్తే ఇందులో అబద్ధం ఎక్కడుందో వెతుక్కోవాలి.

1872 డిసెంబరు 7న కలకత్తాలో నేషనల్ థియేటర్ టిక్కెట్టు పెట్టి జనానికి తెరిచినప్పుడు మొదట ఆడింది ఈ నాటకమే. 1875లో లక్నోలో ఆడుతుండగా, తోరాప్ రోగ్‌ను కొట్టే ఘట్టంలో ఇంగ్లీషు సోల్జర్లు రంగంమీదికి దూకారు. 1876లో నాటక ప్రదర్శనల చట్టం వచ్చింది. ఒక మొక్కను గురించిన నాటకం ఎక్కడికి పోయిందో చూడండి. నీలి వెయ్యనన్న రైతును నేరస్థుణ్ణి చేసిన ప్రభుత్వమే ఆ సంగతి చెప్పే నటుణ్ణి కూడా నేరస్థుణ్ణి చెయ్యటానికి చట్టం చేసుకుంది. స్వతంత్ర భారతం ఆ చట్టాన్ని 2018లో గాని లాంఛనంగా రద్దు చెయ్యలేదు.

తెలుగునాట 1947లో సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు ‘మాభూమి’ రాసినప్పుడు ప్రజానాట్యమండలి దాన్ని ఊరూరా ఆడింది. అదీ నిషేధానికి గురయింది. ‘నీల్ దర్పణ్’కూ ‘మాభూమి’కీ మధ్య ఎనభై ఏడేళ్ళ దూరం. ఆ దూరంలో రైతు రక్షించబడేవాడి స్థానంనుంచి రక్షించుకునేవాడి స్థానానికి నడిచివచ్చాడు. ఈ రెండు నాటకాలనూ పక్కపక్కన పెట్టి పాఠం చెప్పే అవకాశం మన కళాశాలల్లో రావాలని నా కోరిక.

7

నీలిమొక్క కథ నాటకంతో ముగియలేదు. ముగియకపోవటంలోనే మనకు అవసరమైన పాఠం ఉంది.

వంగదేశంలో రైతులు గెలిచారు. కుఠీలు చాలావరకు కట్టేశారు. దొరలు బీహారులో బలపడ్డారు. చంపారన్‌లో ‘తీన్‌కఠియా’ కింద బిఘాకున్న 20 కఠాల్లో 3 కఠాలు నీలికి వదలాలి. ఇంతలో జర్మనీలో అడాల్ఫ్ ఫాన్ బేయర్ నీలం నిర్మాణాన్ని తేల్చాడు. 1897లో బి.ఎ.ఎస్.ఎఫ్. కంపెనీ కృత్రిమ నీలాన్ని బజారులోకి దింపింది. కొద్ది ఏళ్ళలో మొక్క నీలానికి గిరాకీ పడిపోయింది. ఇక నీలి వద్దు, రైతు బతికిపోయాడు అనుకోవాలి గదా? జరిగింది వేరు. నీలి వెయ్యనక్కరలేకుండా వదిలేసినందుకు రైతు ‘తావాన్’ అనే పరిహారం కట్టాలన్నారు. లేకపోతే ‘శరహ్‌బేషీ’ పేరుతో కౌలు పెంచారు. వెయ్యమన్నందుకు బాకీ, వెయ్యవద్దన్నందుకు కూడా బాకీ. 1917లో రాజ్‌కుమార్ శుక్లా పట్టుదలమీద గాంధీ చంపారన్ వెళ్ళటం, 1918లో చంపారన్ వ్యవసాయ చట్టం రావటం మనకు తెలిసినవే.

మొక్క పోయింది, దోపిడీ మిగిలింది. దోపిడీ మొక్కలో ఉంటే మొక్కతోపాటే పోయేది. ఇవాళ ప్రపంచమంతా తొడిగే జీన్సు గుడ్డకు అద్దే నీలం ప్రధానంగా కర్మాగారపు నీలమే. ప్రకృతికి దగ్గరగా ఉండాలని కొందరు మళ్ళీ మొక్క నీలం కోరుతున్నారు. కోరవచ్చు, అది మంచి రంగు, నేలకు మంచి మొక్క. కాని మొక్క నీలం అన్నంతమాత్రాన అది మంచి నీలం అయిపోదు. బయానా ఎవరిచ్చారు, ధర ఎవరు కట్టారు అని అడిగి తీరాలి.

మన పల్లెల్లో ఈ ప్రశ్న పాతబడలేదు. 1997-98లో వరంగల్లు జిల్లాలో పత్తిరైతులు వరసగా ఆత్మహత్యలు చేసుకున్నప్పుడు పురుగును నిందించినవాళ్ళున్నారు, వానను నిందించినవాళ్ళున్నారు. పురుగూ నిజమే, వానా నిజమే. విత్తనమూ, పురుగుమందూ, అప్పూ ఒకే దుకాణంనుంచి వచ్చి, పంట కూడా ఆ దుకాణానికే పోవటం అంతకంటె పెద్ద నిజం. దాదన్ అన్న మాట మనకు తెలియకపోవచ్చు, ఆ పద్ధతిని తెలియనివాడు లేడు.

కాబట్టి పర్యావరణ సాహిత్యం పేరుతో ఇప్పుడు వస్తున్న కవిత్వాన్ని గురించి ఒక మాట. చెట్టుకు మనిషి శత్రువు అని పదేపదే రాస్తున్నారు. ఏ మనిషి? పోడు కొట్టి గుప్పెడు గింజలు చల్లుకునే గిరిజనుడూ, కొండకు కొండనే గుత్తకు తీసుకునే కంపెనీ యజమానీ ఒకే మనిషా? పొలాన్ని చూసి ఏడ్చిన రాయ్‌చరణ్, ఆ పొలానికి గుర్తుపెట్టిన అమీను, ఆ గుర్తు పెట్టించిన వుడ్ ముగ్గురూ ‘మానవుడు’ అన్న ఒక్క మాటలో ఇమిడిపోతారా? ఇమిడిపోయేట్టు రాస్తే అది చెట్టుమీద ప్రేమ కావచ్చునేమో గాని సత్యం కాదు. చెట్టును కాపాడటానికి కూడా అటువంటి కవిత్వం పనికిరాదు. ఎవరి చెయ్యి పట్టుకోవాలో, ఎవరి చెయ్యి ఆపాలో అది చెప్పలేదు.

దీనబంధు మిత్ర ఈ విషయంలో మనకంటె స్పష్టంగా చూశాడు. పరిష్కారం దగ్గర తడబడ్డాడు; రాణీగారి దయకోసం ఎదురుచూశాడు. కాని మొక్కను వర్ణించబోయి మనిషిని మరచిపోలేదు. పంటను గురించి రాయదలచిన మన యువ రచయితలు మొదట ఈ నాటకాన్ని చదవాలి. తరువాత తమ ఊరికి వెళ్ళి, పత్తిచేనుగాని, పొగాకుచేనుగాని, మిరపచేనుగాని చూసి, ఆ పంట వెయ్యమన్నదెవరో కనుక్కుని రాయాలి. అప్పుడు ఆ చేను రంగు కూడా వాళ్ళకు ఇంకా బాగా కనిపిస్తుంది.